టీసీ లేదు, పుట్టినతేది కాగితం లేదు: ఈ పిల్లను బడిలో చేర్చేది ఎలా?

పెన్నాతీరం

మాది ఇందుకూరుపేట వైపు ఒక పల్లె. మా వెనక వీధి దాటితే గిరిజన కాలనీ ఉంది, 30 గడప దాకా ఉంటుంది, అందరూ యానాదులే. అందులో ఒక కుటుంబం నాలుగేళ్లపాటు ఇంకో మండలంలో రొయ్యల గుంటల దగ్గర కాపలా ఉండి ఈ వేసవిలో తిరిగి వచ్చింది. వాళ్ల పెద్దపిల్లకు తొమ్మిదేళ్లు. గుంటల దగ్గరికి పోకముందు ఏదో బడిలో నాలుగు నెలలు ఒకటో తరగతి చదివిందట, ఆ తర్వాత పలక ముట్టలేదు. ఆ పిల్లే నా దగ్గరికి వచ్చి, "నన్ను బళ్లో వెయ్యవా అక్కా" అని అడిగింది.

తల్లిని వెంటబెట్టుకుని దగ్గరి ప్రభుత్వ పాఠశాలకు వెళ్లాను. టీసీ ఉందా, జనన ధ్రువపత్రం ఉందా, ఆధార్ ఉందా అని అడిగారు. మూడూ లేవు. పేరు పాత బడిలోనే ఆన్‌లైన్‌లో ఉండిపోయిందని, అక్కడ వదిలితే తప్ప ఇక్కడ ఎక్కదని చెప్పారు. పాత బడి పేరు తల్లికి గుర్తు లేదు. రెండోసారి వెళ్లినప్పుడు అక్కడి మాస్టారు కోపంగా కాదు, నిజంగా జాలిపడే ఒక మాట అన్నారు: "చేర్చుకున్నా నిలవదమ్మా, రెండు నెలల్లో మళ్లీ గుంటలకు పోతారు, వాళ్లంతే."

ఆ తల్లి పక్కనే నిలబడి ఉంది. తల వంచుకుని వింది, ఏమీ అనలేదు. నాకు రెండు సంగతులు తెలియాలి. కాగితాలు లేవని చేర్చుకోకపోవడం చట్టప్రకారం సరేనా? "వాళ్లంతే" అన్న మాటలో ఎంత నిజం ఉంది?

కోవూరు_వకీలు

మొదటి ప్రశ్నకు జవాబు సూటిగానే ఉంది: సరి కాదు. విద్యాహక్కు చట్టం 2009లో చేసి 2010 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి తెచ్చారు. వయసు రుజువు లేదన్న కారణంతో ఏ బిడ్డనూ బడిలో చేర్చుకోకుండా ఉండకూడదని దాని 14వ సెక్షను చెబుతుంది. జనన ధ్రువపత్రం లేకపోతే ఆసుపత్రి లేదా ఏఎన్‌ఎం రికార్డు, అంగన్‌వాడీ రిజిస్టరు, అవీ లేకపోతే తల్లిదండ్రులు రాసిచ్చే ప్రకటన చాలు. టీసీ రావడం ఆలస్యమైందని ప్రవేశం ఆపకూడదని 5వ సెక్షను అంటుంది. టీసీ ఇవ్వకుండా జాప్యం చేసిన ప్రధానోపాధ్యాయుడి మీదే క్రమశిక్షణ చర్య ఉంటుంది. తొమ్మిదేళ్ల పిల్లను ఒకటో తరగతిలో చిన్నపిల్లల మధ్య కూర్చోబెట్టకుండా, వయసుకు తగిన తరగతిలో చేర్చి, తోటివాళ్లను అందుకునేదాకా ప్రత్యేక శిక్షణ ఇవ్వాలన్నది 4వ సెక్షను. ఇక ఆధార్ విషయానికి వస్తే, బడిలో చేరడానికి అది తప్పనిసరి కాదని సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరు 26 నాటి తీర్పులోనే చెప్పింది.

మీరు నోటిమాటగా అడిగితే వాళ్లూ నోటిమాటగానే కాదంటారు. తల్లి వేలిముద్రతో తెల్లకాగితం మీద దరఖాస్తు రాయించి, రెండు ప్రతులు తీసుకెళ్లి, ఒకదాని మీద అందినట్టు సంతకం అడగండి. చేర్చుకోకపోతే కారణం అదే కాగితం మీద రాసిమ్మనండి. రాయవలసి వచ్చేసరికి చాలామంది చేర్చుకుంటారని నా అనుభవం. అప్పటికీ కుదరకపోతే ఎంఈఓ (మండల విద్యాధికారి) దగ్గరికి వెళ్లండి, ఆపైన మండల న్యాయ సేవల కమిటీ ఉంది. గిరిజనులకు, స్త్రీలకు, పిల్లలకు 1987 నాటి చట్టం కింద ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా న్యాయ సహాయం దొరుకుతుంది, ఫోను 15100.

కలిగిరి_మాస్టారు

వకీలు గారు చెప్పిన సెక్షన్లన్నీ నిజమే. నేను 22 ఏళ్లుగా ప్రాథమిక పాఠశాలలో పనిచేస్తున్నాను, కాబట్టి బల్లకు ఇవతలి వైపు ఏముందో కూడా చెప్పాలి. పేరు ఆన్‌లైన్‌లో ఎక్కని పిల్లకు పుస్తకాల సంచి రాదు, యూనిఫాం రాదు. మధ్యాహ్న భోజనం లెక్క రోజువారీ హాజరును బట్టి వెళుతుంది. పేరు లేని పిల్లకు అన్నం పెడితే తనిఖీలో మమ్మల్ని అడుగుతారు. పిల్లల్ని బడికి పంపే తల్లులకు ప్రభుత్వం ఇచ్చే తల్లికి వందనం డబ్బు తల్లి ఖాతాలో పడాలన్నా ఈ వివరాలన్నీ కుదరాలి. ఆ మాస్టారు భయపడింది పిల్లను చూసి కాకపోవచ్చు.

అయితే దీనికి దారి ఉంది, చాలామందికి తెలియదు. చాలాకాలం బడికి రాని పిల్లల పేర్లను పాత బడివాళ్లు ఆన్‌లైన్ రికార్డులోనే ఉండే డ్రాప్ బాక్సులో వేస్తారు, కొత్త బడివాళ్లు అక్కడి నుంచి తమ రికార్డులోకి తెచ్చుకోవచ్చు. పాత బడి పేరు తెలియకపోయినా పిల్ల పేరు, తండ్రి పేరు, మండలం చెబితే ఎంఈఓ కార్యాలయంలో వెతికిపెడతారు. సీఆర్‌పీని (చుట్టుపక్కల బడుల పనులు చూసే క్లస్టర్ రిసోర్స్ పర్సన్‌ని) పట్టుకోండి, ఒక పూట పని.

"వాళ్లంతే" అనడం మాత్రం తప్పు. తల్లి ముందు అనడం ఇంకా తప్పు.

కావలి_ప్యాసింజర్

మాస్టారూ, ఒక పూట పని అని మీరే అంటున్నారు, ఆ పూట వెచ్చించడానికి ఆ బడిలో ఒక్కరూ లేకపోయారు. పెన్నాతీరం లాంటి వాళ్లు లేని కాలనీల్లో ఆ తల్లి ఎంఈఓ కార్యాలయం ఎక్కడుందో ఎవరిని అడగాలి?

కలిగిరి_మాస్టారు

కాదనను.

పల్లెపాడు_అక్క

రెండో ప్రశ్నకు నేను జవాబు చెబుతాను. యానాది కాలనీల్లో 14 ఏళ్లుగా పనిచేస్తున్నాను. పిల్లలు "నిలవరు" అన్నది రిజిస్టరులో కనిపించే నిజం. ఎందుకు నిలవరో రిజిస్టరులో కనిపించదు.

ఒక కుటుంబానికి జబ్బు చేసో, చావు వచ్చో, పెళ్లి కుదిరో డబ్బు అవసరం పడుతుంది. బ్యాంకు ఇవ్వదు, పొదుపు సంఘంలో ఇంకా చేరి ఉండరు. గుంటల యజమానో, జామాయిల్ కొట్టించే మేస్త్రీయో, ఇటుక బట్టీవాడో అడ్వాన్సు ఇస్తాడు. ఆ అడ్వాన్సు తీరేదాకా మొగుడూ పెళ్లాం గుంట గట్టున గుడిసె వేసుకుని రాత్రింబవళ్లు కాపలా కాస్తారు. ఆ గట్టు నుంచి బడి ఆరేడు కిలోమీటర్లు ఉంటుంది. పెద్దపిల్ల చిన్నవాడిని ఎత్తుకుంటుంది, అమ్మ వంట చేస్తుంటే మేత చల్లడానికి నాన్న వెంట పోతుంది. పనికి లెక్క ఉంటుంది గానీ అప్పుకు లెక్క ఉండదు. నేను చూసిన ఒక కుటుంబం 20 వేలకు వెళ్లి మూడేళ్లకు తిరిగి వచ్చింది, అప్పటికి వాళ్లు ఇంకా 26 వేలు బాకీ ఉన్నారని యజమాని పుస్తకంలో ఉంది. దానికి చట్టంలో ఉన్న పేరు వెట్టిచాకిరి, 1976లోనే దాన్ని రద్దు చేశారు.

ఇది బడి బయటి సంగతి. బడి లోపలి సంగతి ఇంకొకటి ఉంది. ఎవరిదైనా పెన్సిలు పోతే ముందు ఎవరి సంచీ వెతుకుతారో గమనించండి. కొన్ని తెగల్లో పుట్టినవాళ్లందరినీ పుట్టుకతోనే దొంగలుగా లెక్కగట్టిన నేరస్థ తెగల చట్టం 1871లో వచ్చింది, 1952లో పోయింది. దాన్ని రద్దు చేయించడానికీ, యానాదుల కోసమూ జీవితమంతా తిరిగిన వెన్నెలకంటి రాఘవయ్య గారు మన నెల్లూరు జిల్లా మనిషే. చట్టం పోయి 70 ఏళ్లు దాటినా పెన్సిలు పోయినప్పుడు చూపు అటే తిరుగుతోంది.

కనుపూరు_కాలువ

అక్క రాసిన పెన్సిలు సంగతి చదివాక రాయకుండా ఉండలేకపోతున్నాను. నేను యానాదిని. మా కాలనీలో డిగ్రీ పూర్తిచేసిన మొదటి మనిషిని నేనే. ఇప్పుడు ఒక గ్రామ సచివాలయంలో ఉద్యోగం చేస్తున్నాను.

నాలుగో తరగతిలో ఒక అబ్బాయి జామెట్రీ బాక్సు పోయింది. టీచరు నన్ను లేపి, నా గోనెసంచి బోర్లించమన్నారు. దాంట్లో ఉన్నవి ఒక పలక, ఒక పుస్తకం, మా అవ్వ కాల్చిపెట్టిన చిలగడదుంప. తరగతంతా ఆ దుంపను చూసి నవ్వింది. బాక్సు ఆ అబ్బాయి ఇంట్లోనే దొరికిందని మర్నాడు తెలిసింది. ఆ విషయం నాకు ఎవరూ చెప్పలేదు, ఇంటర్వెల్లులో పిల్లలు మాట్లాడుకుంటుంటే విన్నాను. ఆ వారం నేను బడికి పోలేదు. ఎందుకు పోలేదని అడిగితే, ఎలుకలు పట్టడానికి మా నాయనతో పోయానని చెప్పాను. అదే రిజిస్టరులోకి ఎక్కింది. మాస్టారూ, "వాళ్లంతే" అన్న మాటకు సాక్ష్యం అలా తయారవుతుంది.

నేను తిరిగి పోవడానికి కారణం వేరే టీచరమ్మ. ఆమె కాలనీకి వచ్చారు. వానకాలం, కాలనీ దారిలో మోకాటిలోతు నీళ్లు. చీర కుచ్చిళ్లు ఎత్తిపట్టుకుని వచ్చి మా గుడిసె ముందు పీట మీద కూర్చుని, మా అవ్వ ఇచ్చిన నీళ్లు తాగారు. మా కాలనీలో బడివాళ్లు నీళ్లు తాగడం అప్పటిదాకా నేను చూడలేదు. మర్నాడు వలలు అల్లడం గురించి తరగతిలో చెప్పమని నన్ను నిలబెట్టారు. కన్ను ఎంత ఉంటే ఏ చేప పడుతుందో చెప్పాను. నాకు తెలిసినది ఇంకెవరికీ తెలియదని మొదటిసారి ఆ రోజే అర్థమైంది.

పెన్నాతీరం గారూ, ఆ పిల్ల తనంతట తాను అడిగిందన్నారు. దయచేసి వదలకండి.

బుచ్చి_ఆక్వా

ఇక్కడ గుంటలవాళ్లందరినీ ఒకే గాటన కట్టేస్తున్నారు, అందుకని నా మాట కూడా వినండి. నాకు పది ఎకరాల గుంటలున్నాయి. కాపలాకు ఉన్న కుటుంబానికి అడ్వాన్సు ఇచ్చాను, అది వాళ్లు అడిగితేనే ఇచ్చాను. నెలనెలా జీతం ఇస్తున్నాను, జ్వరం వస్తే నా బండి మీదే నెల్లూరు ఆసుపత్రికి తీసుకెళ్లాను. ఎవరినీ కట్టేసి ఉంచలేదు. దానికి వెట్టి అని పేరు పెడితే బాధ కలుగుతుంది. రేటు పడిపోయి, తెల్లమచ్చ తెగులు వచ్చి పంట పోయినప్పుడు నా అడ్వాన్సు ఎవరు తిరిగిస్తారు?

కోవూరు_వకీలు

మీ బాధను తేలిగ్గా తీసుకోవడం లేదు. వెట్టి అనడానికి గొలుసులు అక్కర్లేదు, చట్టంలోని నిర్వచనాన్ని మీరే మీ గుంటకు సరిపెట్టి చూసుకోండి. అడ్వాన్సు తీసుకున్న మనిషి అది తీరేదాకా వేరే పనికి పోలేని పరిస్థితి ఉందా? ఊరికి పోవాలంటే మీ అనుమతి కావాలా? కనీస వేతనం కన్నా తక్కువ ముడుతోందా? వీటిలో ఒకదానికి అవునని జవాబు వచ్చినా మీరు చిక్కులో ఉన్నట్టే. కనీస వేతనం కన్నా తక్కువకు పని చేయించుకోవడం కూడా రాజ్యాంగం 23వ అధికరణం నిషేధించిన బలవంతపు చాకిరీయేనని సుప్రీంకోర్టు 1982లో చెప్పింది. మనిషి ఇష్టపడి వచ్చినా సరే, ఆకలి కూడా బలవంతమే అన్నది ఆ తీర్పు సారం.

ఇంకొకటి. వాళ్ల పిల్లలు మేత చల్లితే అది కుటుంబ వ్యాపారంలో సాయం కిందికి రాదు, గుంట మీది కాబట్టి. 2016లో సవరించిన బాలకార్మిక చట్టం ప్రకారం 14 ఏళ్లలోపు పిల్లలతో పని చేయించడం నేరం.

బుచ్చి_ఆక్వా

జీతం విషయం లెక్క చూసుకుంటాను. పిల్లలతో నేను పని చెప్పి చేయించలేదు, తండ్రి వెంట తిరుగుతుంటే చూసి ఊరుకున్నాను, అది నిజం. ఇద్దరున్నారు, ఏడేళ్లది, ఐదేళ్లవాడు. బడి నాలుగు కిలోమీటర్లు. ఇప్పుడు సగం సంవత్సరం గడిచిపోతోంది, చేర్చుకుంటారా?

కలిగిరి_మాస్టారు

ఏడాదిలో ఎప్పుడైనా చేర్చుకోవాలి, 15వ సెక్షను అదే చెబుతుంది. ఐదేళ్లవాడికి అంగన్‌వాడీ చూడండి. బడి దూరమైతే రవాణా భత్యం అడిగే వీలుంది, ఎంఈఓ కార్యాలయంలో విచారించండి. మీ బండి మీద మొదటి వారం మీరే దించి రండి, ఆ పిల్ల వెనక ఒక పెద్దమనిషి ఉన్నాడని బడికి తెలియాలి.

మార్కాపురం_పలక

ఇంతమంది ఇన్ని తిప్పలు పడే బదులు గిరిజన గురుకులంలోనో ఆశ్రమ పాఠశాలలోనో చేర్పిస్తే సరిపోదా? మా వైపు ఎర్రగొండపాలెం, దోర్నాల చెంచు గూడేల పిల్లలు ఆశ్రమ పాఠశాలల్లోనే చదువుతున్నారు. తల్లిదండ్రులు అడవిలోకి పోయినా, పనికి పోయినా పిల్లల తిండికీ చదువుకూ లోటు ఉండదు. మామూలు బడిలో అవమానాలు పడడం కన్నా అదే మేలు కదా.

పల్లెపాడు_అక్క

వలస పోయే కుటుంబాలకు హాస్టలు తప్పదు, ఒప్పుకుంటాను. కానీ ఊళ్లో ఉన్న బడి అవమానిస్తోందని పిల్లనే ఊరు దాటించడం నాకు మింగుడుపడదు. బడి తన పద్ధతి మార్చుకునే పనే లేకుండా పోతుంది.

కనుపూరు_కాలువ

నేను ఆరు నుంచి పది దాకా గురుకులంలో చదివాను, కాబట్టి రెండు వైపులా చెప్పగలను. అక్కడ కడుపునిండా తిన్నాను. నన్ను చూసి ఎవరూ నవ్వలేదు, ఎందుకంటే అందరం ఒకటే. లెక్కల మాస్టారు రాత్రి పదింటిదాకా కూర్చోబెట్టి చెప్పేవారు. గురుకులం లేకపోతే నాకు ఈ ఉద్యోగం లేదు, ఆ మాట ఎవరి ముందైనా చెబుతాను.

కానీ ఇంటరుకు నెల్లూరు కళాశాలకు వచ్చినప్పుడు వేరే కులాల పిల్లల పక్కన కూర్చోవడం నాకు చేతకాలేదు. రెండు నెలలు చివరి బెంచీలో ఒక్కడినే కూర్చున్నాను, ఎవరూ కూర్చోబెట్టలేదు, నేనే వెళ్లి కూర్చున్నాను. వాళ్లకూ అంతే, యానాది పిల్లవాడితో కలిసి చదివిన అలవాటు ఒక్కరికీ లేదు. ఒకడు మంచి మనసుతోనే, "మీరు నిజంగా ఎలుకలు తింటారా" అని అడిగాడు. ఐదో తరగతిలో నా పక్కన కూర్చుని ఉంటే వాడు ఆ ప్రశ్న అప్పుడే అడిగి, అప్పుడే మరిచిపోయేవాడు. పైగా తొమ్మిదేళ్ల పిల్ల, నాలుగేళ్లు తల్లి కొంగు పట్టుకుని గుంట గట్టున పెరిగింది, దాన్ని తీసుకెళ్లి హాస్టల్లో వేస్తే వారానికే పారిపోయి వస్తుంది. అప్పుడు కూడా "వాళ్లంతే" అంటారు.

మార్కాపురం_పలక

ఈ కోణం నేను ఆలోచించలేదు. చెంచు పిల్లల విషయంలో మా దగ్గర వేరే దారి లేదన్న మాట మాత్రం నిలబడుతుంది. గూడెంలో బడి ఉంటే టీచరు ఉండడు, టీచరు ఉంటే వానకు దారి ఉండదు. చెంచులను ప్రత్యేకంగా వెనకబడిన ఆదిమ తెగగా గుర్తించారు. అలాంటి తెగల కోసం 2023 నవంబరులో మొదలుపెట్టిన పీఎం జన్‌మన్‌లో హాస్టళ్లు, రోడ్లు కూడా ఉన్నాయి. రోడ్డు పడిన గూడెంలో టీచరు నిలుస్తాడేమో చూడాలి.

ఒంగోలు_అమ్మ

విషయం పక్కకు తిప్పుతున్నానని అనుకోకండి, నాకు ఇదంతా ఒకటిగానే కనిపిస్తోంది. మా బాబుకు సెరిబ్రల్ పాల్సీ, నడవలేడు, మాట నెమ్మదిగా వస్తుంది, తెలివికి కొదవ లేదు. మూడు ప్రైవేటు బడులు తిరిగాను. ఎవరూ మొహం మీద కాదనలేదు. ఒకచోట "మా దగ్గర ప్రత్యేక టీచరు లేరు, బాబుకే ఇబ్బంది" అన్నారు. ఒకచోట మిగతా తల్లిదండ్రులు ఏమంటారో అన్నారు. మూడోచోట బాబుకు పరీక్ష పెడతామన్నారు. చేర్చుకోవడానికి పిల్లలకు గానీ తల్లిదండ్రులకు గానీ పరీక్ష పెట్టకూడదని విద్యాహక్కు చట్టం 13వ సెక్షనులో ఉందని నాకు అప్పుడు తెలియదు.

చివరికి ప్రభుత్వ బడే చేర్చుకుంది. వికలాంగుల హక్కుల చట్టం 2016లో వచ్చాక 40 శాతం, ఆపైన వైకల్యం ఉన్న పిల్లలకు 18 ఏళ్లదాకా ఉచిత విద్య హక్కు అయింది. వైకల్యం ఉన్న పిల్లల కోసం పెట్టిన భవిత కేంద్రం నుంచి టీచరు వస్తారు, ఫిజియోథెరపీ చెబుతారు. ర్యాంపు కూడా కట్టారు. కానీ వాడి తరగతి మేడ మీద! రెండేళ్లు నేనే ఎత్తుకుని మెట్లెక్కాను. వాడు బరువెక్కుతున్నాడు, నాకు నడుము నొప్పి. మూడో ఏడు కొత్తగా వచ్చిన ప్రధానోపాధ్యాయురాలు ఒక్కరోజులో తరగతిని కిందికి మార్చారు. డబ్బు అవసరం కాలేదు, ఉత్తర్వు అవసరం కాలేదు. అంతకు ముందున్నవాళ్లకు ఆ ఆలోచన ఎందుకు రాలేదా అని నేను ఇప్పటికీ అనుకుంటూ ఉంటాను. వాళ్లు చెడ్డవాళ్లు కారు, బాబు ఆటల్లో లేకపోతే పాపం అని నాతో బాధపడేవారు కూడా.

కావలి_ప్యాసింజర్

ఒంగోలు అమ్మా, ఆ తరగతి మార్పు గురించి చదివాక మా ఆఫీసులో కూడా మెట్లను కొత్తగా చూశాను.

చీమకుర్తి_రాయి

మా దగ్గర ఇంకో రకం. గ్రానైటు క్వారీల్లో ఒడిశా నుంచి, ఉత్తరాది నుంచి వచ్చిన కూలీల పిల్లలకు తెలుగే రాదు. బడిలో చేర్చుకున్నారు, పేరు ఎక్కింది, అన్నం పెడతారు, కానీ ఏడాదంతా ఏం చెబుతున్నారో తెలియకుండా కూర్చుంటారు. మా వీధి టీచరు క్వారీలో పనిచేసే ఒక ఒడియా అమ్మాయిని బతిమాలి, రోజూ గంటసేపు రప్పించుకుని రెండు భాషల్లో బొమ్మల పట్టిక తయారుచేయించింది. దసరా నాటికి ఆ పిల్లలు తెలుగులో పోట్లాడుకుంటున్నారు.

మూలాపేట

భోజనం వేళ సంగతి ఎవరూ ఎత్తలేదు. నాకు తెలిసిన ఒక బడిలో కాలనీ పిల్లలు తమ కంచాలు విడిగా ఒక మూల పెట్టుకుంటారు. ఎవరు పెట్టుకోమన్నారని అడిగితే ఎవరూ అనలేదంటారు. అలవాటు అంటారు. పొట్టి శ్రీరాములు గారు 1946లో మా మూలాపేట వేణుగోపాలస్వామి గుడిలోకి హరిజనులను రానివ్వాలని నిరాహారదీక్ష చేశారు. ఆ వీధిలోనే పుట్టి పెరిగినవాడిని కాబట్టి ఈ కంచాల మూల చూస్తే నాకు తలవంపుగా ఉంటుంది. కానీ ఫిర్యాదు చేస్తే బడి పరువు పోతుందని, ఉన్న పిల్లలు కూడా ప్రైవేటుకు పోతారని ఊళ్లో పెద్దలు నన్ను ఆపారు. ఏం చేయాలి?

కోవూరు_వకీలు

బలహీన వర్గాల పిల్లల పట్ల వివక్ష జరగకుండా చూడడం ప్రభుత్వ బాధ్యత అని విద్యాహక్కు చట్టం 8వ సెక్షనులో ఉంది. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కూడా ఉంది. కానీ పిల్లలు ఉన్న చోట మొదటి మెట్టుగా కేసు పెట్టమని నేను చెప్పను. పాఠశాల యాజమాన్య కమిటీలో నాలుగింట మూడొంతుల మంది తల్లిదండ్రులే ఉండాలి, కమిటీలో సగం మంది స్త్రీలు ఉండాలి, బలహీన వర్గాల తల్లిదండ్రులకు వాళ్ల సంఖ్యను బట్టి చోటు ఉండాలి. మీ బడి కమిటీలో కాలనీ తల్లులు ఎంతమంది ఉన్నారో ముందు చూడండి.

కనుపూరు_కాలువ

మా ఊరి బడి కమిటీలో మా కాలనీ తల్లి ఒకామె ఉంది. మూడేళ్లపాటు ఆమె వేలిముద్ర ఇంటికి వచ్చి తీసుకునేవారు, సమావేశానికి పిలిచేవారు కారు. పేరు ఉందా అని చూస్తే సరిపోదు, వకీలు గారూ. కుర్చీ వేస్తున్నారా అని కూడా అడగాలి.

కలిగిరి_మాస్టారు

ఈ కబురు విన్నాక మా అమ్మ గుర్తొచ్చింది. దూబగుంట మా మండలంలోదే. 1991 ప్రాంతంలో అక్షరాస్యత ఉద్యమం వచ్చినప్పుడు మా అమ్మ రాత్రిబడికి పోయి అక్షరాలు నేర్చుకుంది. అంతకుముందు వయోజన విద్య అని ఎన్నిసార్లు వచ్చినా ఎవరూ పోలేదు, "ఆడవాళ్లకు ఆసక్తి లేదు" అని పైకి రాసి పంపేవారట. ఈసారి వాచకంలో సారా వల్ల కాపురం కూలిపోయిన ఆడమనిషి కథ ఉంది. అది చదివినవాళ్లు అది తమ కథే అన్నారు. 1992లో దూబగుంట రోశమ్మ, ఆమెతోటి ఆడవాళ్లు సారా కొట్టు మూయించారు, 1993 అక్టోబరుకు రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది. ఆసక్తి లేనివాళ్లని రాసినది ఆ ఆడవాళ్ల గురించే.

అందుకే కనుపూరు తమ్ముడు రాసిన వల సంగతి నన్ను పట్టుకుంది. మా బడిలో ఆరుగురు యానాది పిల్లలున్నారు. ఏళ్ల తరబడి వాళ్లకు అ, ఆ అంటే అమ్మ, ఆవు అనే చెబుతున్నాను. వాళ్ల ఇళ్లల్లో ఆవు లేదు. వచ్చే వారం వాళ్ల నాన్నల్లో ఒకరిని పిలిచి, మా బడి పిల్లలందరికీ బొమ్మిడాయికీ కొర్రమేనుకూ తేడా చెప్పిస్తాను.

పెన్నాతీరం

పది రోజులుగా అందరి మాటలూ చదువుతూనే ఉన్నాను, జరిగినది చెబుతాను. వకీలు గారు చెప్పినట్టు రెండు ప్రతుల దరఖాస్తు తీసుకెళ్లాను. సంతకం అడిగితే మాస్టారు కాసేపు కాగితాన్ని చూసి, కూర్చోమని, తామే ఎంఈఓ కార్యాలయానికి ఫోను చేశారు. పేరు డ్రాప్ బాక్సులోనే ఉంది! వెతకడానికి 20 నిమిషాలు పట్టింది. నాలుగో తరగతిలో చేర్చుకున్నారు, రోజూ మధ్యాహ్నం రెండు గంటలు విడిగా చెబుతామన్నారు.

జనన నమోదు కోసం ఆర్డీవో కార్యాలయంలో అఫిడవిట్టుతో దరఖాస్తు పెట్టాం. ఏడాది దాటిన పుట్టుకల నమోదుకు కోర్టుకు పోవాల్సిన పని లేదని, 2023 సవరణతో ఆ అధికారం రెవెన్యూ అధికారులకు వచ్చిందని అక్కడే చెప్పారు. దానితోపాటు నాకు గుండెలో రాయి పడిన సంగతి ఇంకొకటి. 2023 అక్టోబరు 1 తర్వాత పుట్టిన పిల్లలకు బడిలో చేరేటప్పుడు జనన ధ్రువపత్రమే ఆధారమట. ఈ పిల్ల తమ్ముడు 2024లో గుంట గట్టు మీదే పుట్టాడు. మంత్రసాని లేదు, ఏఎన్‌ఎం రాలేదు. కాలనీలో అలాంటి పిల్లలు ఇంకెందరున్నారో ఇల్లిల్లూ తిరిగి రాసుకుంటున్నాను, ఇప్పటికి ఏడుగురు తేలారు.

మొదటి రోజు పిల్లను వాకిలి పక్కన చాప మీద కూర్చోబెట్టారు. మూడో రోజు పోయి చూస్తే బెంచీ మీద ఉంది, ఎవరు మార్చారో నేను అడగలేదు.

కోవూరు_వకీలు

వయసు రుజువు లేదని కాదనకూడదన్న 14వ సెక్షను ఇంకా చట్టంలోనే ఉంది, ఆ ఏడుగురి విషయంలో ఎవరైనా ఆపితే నాకు రాయండి. అయినా సరే, కాగితం ఇప్పుడే పుట్టించడం మంచిది. శనివారం ఖాళీగా ఉంటాను, అఫిడవిట్లు కాలనీకే వచ్చి రాస్తాను.

బుచ్చి_ఆక్వా

పెద్దదాన్ని సోమవారం చేర్పించాను. బండి మీద నేనే దించాను. అడ్వాన్సు పుస్తకం చూసుకున్నాను, కనీస వేతనంతో లెక్క కడితే వాళ్లు నాకు బాకీ లేరు, నేనే వాళ్లకు కొంత ఇవ్వాలి. రాసుకున్నాను, పంట అమ్మగానే ఇస్తాను.

పల్లెపాడు_అక్క

పంట దాకా ఎందుకు, ఈ నెల జీతంతో సగమైనా కలిపి ఇవ్వండి. పిల్ల బడికి పోతోందంటే ఇంట్లో చిన్నవాడిని ఎత్తుకునే చెయ్యి తగ్గింది, తల్లి సగం పూట పని మానుకుంటోంది.

బుచ్చి_ఆక్వా

అలాగే అక్కా.

కనుపూరు_కాలువ

పెన్నాతీరం గారూ, ఒక్కటి మరిచిపోకండి. రికార్డులో పేరు ఏమని రాశారో చూశారా? మా కాలనీలో సగం మందికి పాపమ్మ, బుజ్జమ్మ, పోలయ్య అని తోచింది రాసేశారు. ఇంటిపేరు ఒక్కో కాగితంలో ఒక్కో రకంగా ఉంది. పదో తరగతి సర్టిఫికెట్టులో ఒకటి, ఆధార్‌లో ఇంకొకటి పడితే కుల ధ్రువపత్రం దగ్గర ఆగిపోతుంది. నాకు దాన్ని సరిచేసుకోవడానికి పద్నాలుగు నెలలు పట్టింది.

పెన్నాతీరం

ఇప్పుడే ఫోను చేసి కనుక్కున్నాను. "పాప" అని రాసి ఉందట. రేపు పొద్దున్నే పిల్లను వెంటబెట్టుకుని పోతున్నాను, తన పేరు తనే చెబుతానంది.